ఎదుటి పార్టీ సారలమ్మ

సారలమ్మకు నవ్వు మొదలైతే ఆగదు. పెళ్ళినాడు జీలకర్ర బెల్లం పెట్టేటప్పుడు కాస్త బెల్లం జారి రఘుపతి చెవిలో పడిందని ఆమె నవ్వడం మొదలుపెడితే, అయ్యగారు మంత్రం ఆపి కూర్చోవాల్సి వచ్చింది. ఒకసారి సావింట్లో కూడా ఎందుకో నవ్వొచ్చి, కొంగు నోట్లో కుక్కుకుని బయటికి పరుగెత్తింది. చూసినవాళ్ళు దుఃఖం తట్టుకోలేకపోయిందని అనుకుని, వెనక నుంచి మంచినీళ్ళు తెచ్చి ఇచ్చారు.

గోదావరిఖని దాటి, ఓపెన్‌కాస్టు బొగ్గుగని మట్టిదిబ్బల పక్కనుంచి పోతే వాళ్ళ ఊరు గుట్టకిందిపల్లె. ఊరి ఆడవాళ్ళందరి జాకెట్లూ సారలమ్మ కుట్టినవే. భర్త రఘుపతి చాలా ఏళ్ళు ఓపెన్‌కాస్టులో కాంట్రాక్టరు కింద డంపర్ నడిపాడు. తర్వాత సొంతంగా టిప్పర్లు తీసుకున్నాడు. ఊరి వెనక గుట్టలో మొరం తవ్వుకోవడానికి గనుల శాఖ నుంచి పర్మిట్ కూడా సంపాదించాడు. మొరం అంటే రోడ్ల కింద పోసే ఎర్రటి గట్టి మట్టి. ఆ ప్రాంతంలో ఎప్పుడూ ఏదో ఒక రోడ్డు పడుతూనే ఉంటుంది కాబట్టి రఘుపతి టిప్పర్లకు తీరిక ఉండేది కాదు.

పంచాయతీ ఎన్నికలొచ్చి సర్పంచ్ సీటు ఆడవాళ్ళకు పడింది. రఘుపతి భార్యతో నామినేషన్ వేయించాడు. ఇంట్లోనే సర్పంచ్ ఉంటే మొరం పనికి అడ్డం చెప్పేవాళ్ళు ఉండరని అతని లెక్క. పోస్టర్ల మీద తన ఫోటో పెద్దగా, నమస్కారం పెడుతూ వేయించుకున్నాడు. ఆమె ఫోటో మూలన, రేషన్ కార్డు మీది బొమ్మంత ఉంది. సారలమ్మ ఆ పోస్టరు చూసి గోడకు ఆనుకుని నవ్వింది. పోటీ చేసేది ఎవరని ఊళ్ళో ముసలివాళ్ళు అడుగుతుంటే, మా ఆయనే అనుకుంటున్నా అని చెప్పింది. అయితే ఓట్లు పోస్టరు చూసి పడలేదు. ఏ ఇంట్లో కొళాయి రావడం లేదో, ఏ ముసలమ్మకు పింఛను ఆగిందో కొలతలు తీసుకునేటప్పుడు వినీ వినీ ఆమెకు ఊరంతా తెలుసు. ఆడవాళ్ళు గుంపులుగా వచ్చి గెలిపించారు.

గెలిచిన కొత్తలో రఘుపతి అనుకున్నట్టే జరిగింది. టిప్పర్లు ఊరి నడుమ నుంచి, ప్రైమరీ స్కూలు ముందు నుంచి పోతూనే ఉన్నాయి. దుమ్ము గురించి ఎవరైనా అంటే, ఇంట్లో చెప్పి చూస్తాననేది సారలమ్మ. రఘుపతి విని, రోడ్లు కావాలె, మొరం వద్దు అంటే ఎట్ల అని అన్నం కలుపుకునేవాడు. బండ్ల బరువుకు అప్పుడప్పుడూ మంచినీళ్ళ పైపు పగిలేది. అతనే మనిషిని పిలిచి బాగు చేయించేవాడు. మాట అక్కడితో ఆగిపోయేది.

ఆగయ్య కూతురు సంధ్యారాణి పెళ్ళినాడు అది ఆగలేదు.

వాడకు అడ్డంగా టెంటు వేశారు. దాని కింద వంటలు, కుర్చీలు, బ్యాండు. మొరం లోడుతో వచ్చిన టిప్పర్ టెంటును చూసి వెనక్కు తిప్పుకోబోయింది. టెంటు గుడ్డ దాని పక్క కొక్కేనికి తగులుకుంది. డ్రైవరుకు అది తెలియదు. గేరు మార్చి ముందుకు పోయాడు. పచ్చా ఎర్రా చారల టెంటు మొత్తం జెండాలాగా ఎగురుతూ టిప్పర్ వెంట పోయింది. దాని వెనక గరిటె పట్టుకుని వంటవాడు, వంటవాడి వెనక బ్యాండువాళ్ళు, వాళ్ళ వెనక పెళ్ళికొడుకు తలపాగా చేత్తో పట్టుకుని పరుగు. బ్యాండులో సన్నాయి అతను పరుగెడుతూ కూడా ఊదడం ఆపలేదు. సారలమ్మ అక్కడే ఉంది. కళ్ళలో నీళ్ళు కారేదాకా నవ్వింది.

అప్పుడు వెనక్కు తిరిగి చూసింది. టెంటు నిలబెట్టిన ఇనుప గుంజ కింద పడి ఉంది. దాని పక్కనే, జానెడు దూరంలో, రెండేళ్ళ పిల్ల ఒకతి బూంది తింటూ నిలబడి ఉంది. గుంజ తన పక్కన పడిన సంగతి కూడా ఆ పిల్లకు తెలియదు. సారలమ్మ పిల్లను ఎత్తుకుంది. దాని తల్లి వచ్చేదాకా దించలేదు. ఆ రోజంతా ఆమె మళ్ళీ నవ్వలేదని, అది చూసి తనకు భయమేసిందని అత్త పోశవ్వ తర్వాత చెప్పేది.

వారం తిరగకుండా పంచాయతీ మీటింగు పెట్టింది సారలమ్మ. ఊరి లోపలి రోడ్డు మీద మొరం బండ్లు నడవకూడదని, పర్మిట్ ఉన్నవాళ్ళు తవ్వకం ఆపి సమాధానం చెప్పాలని తీర్మానం చేశారు. పంచాయతీ సెక్రటరీ ఉపేందర్ కొత్తగా ఉద్యోగంలో చేరినవాడు. నోటీసు రాస్తూ, పేరు దగ్గర ఆగి, మేడం, ఇది మన సార్‌కే కదా అన్నాడు. ఊళ్ళో ఇంకెవరికైనా పర్మిట్ ఉందా అని ఆమె అడిగింది. లేదన్నాడు. అయితే రాయి అంది.

సంతకం చేసి ఇంటికొచ్చి పొయ్యి వెలిగించింది. కాసేపటికి పంచాయతీ కారోబార్ సదయ్య నోటీసు పట్టుకుని గడప బయట నిలబడ్డాడు. లోపలికి రమ్మన్నా రాలేదు. రఘుపతి చదివి, మళ్ళీ చదివాడు.

"గీ సంతకం ఎవలది?" అన్నాడు.

"నాదే," అంది సారలమ్మ వంటింట్లోంచి. "తీసుకున్నట్టు నువ్వు సుత పెట్టు సంతకం. సదయ్యన్న నిలబడ్డడు పాపం."

రఘుపతి సంతకం పెట్టాడు. అన్నం తిన్నాడు. చెయ్యి కడుక్కుని పడుకున్నాడు. మర్నాడు పొద్దున్నే హైదరాబాదు పోయి వకీలును పెట్టుకున్నాడు. అతని వాదనలో పస లేకపోలేదు. పర్మిట్ ఇచ్చింది సర్కారు. దాన్ని ఆపే అధికారం పంచాయతీకి ఎక్కడిది? హైకోర్టులో కేసు పడింది. పిటిషనర్ రఘుపతి. ఎదుటి పార్టీ గుట్టకిందిపల్లె గ్రామ పంచాయతీ, దాని సర్పంచ్ సారలమ్మ.

వకీలు అతనికి ఒక మాట గట్టిగా చెప్పాడు. కేసు నడిచినన్ని రోజులు ఎదుటి పార్టీతో నేరుగా మాట్లాడకండి, ఏ మాట ఎటు పోతుందో తెలియదు అని. వకీలుకు ఎదుటి పార్టీ ఎవరో అప్పటికి తెలియదు. రఘుపతి ఆ మాటను తు.చ. తప్పకుండా పాటించాడు. ఇంట్లో భార్యతో మాట్లాడాలంటే తల్లితో చెప్పేవాడు. అవ్వా, సర్పంచ్‌ను అడుగు, నా నీలం అంగీ ఉతికిందా అని. సారలమ్మ రెండడుగుల దూరంలోనే ఉండి, అత్తమ్మా, పిటిషనర్‌కు చెప్పు, దండెం మీద ఉందని అనేది. పోశవ్వ మొదట్లో చెప్పింది. కొన్నాళ్ళకు విసుగొచ్చి మాటలు మార్చి చెప్పడం మొదలుపెట్టింది. ఉప్పు తక్కువైందని కొడుకు అంటే, కూర మంచిగైందంటున్నడు అని కోడలికి చెప్పేది. కొడుకు కంచంలోకి వచ్చే జవాబు ఎప్పుడూ ఇంకో గరిటె కూరే. రఘుపతి ఆ దినాల్లో బాగా లావయ్యాడు.

వాయిదా రోజు వచ్చింది. రామగుండంలో పొద్దుటి రైలుకు టికెట్లు చేయించింది ఉపేందర్. ముగ్గురివీ ఒకేసారి చేయించాడు కాబట్టి ముగ్గురికీ ఒకే వరుసలో సీట్లు వచ్చాయి. భార్యాభర్తల నడుమ ఉపేందర్ కూర్చున్నాడు. పెద్దపల్లి దాటగానే సారలమ్మ డబ్బా తీసింది. సర్వపిండి వాసన డబ్బా మూత తియ్యకముందే బోగీ అంతా పాకింది. రఘుపతి కిటికీలోంచి బయటికి చూస్తూ ఉండబోయాడు కానీ ఎక్కువసేపు ఉండలేకపోయాడు. ఉపేందర్, సర్పంచ్‌ను అడుగు, మామిడికాయ తొక్కు తెచ్చిందా అన్నాడు. ఉపేందర్ ఆమె వైపు తిరిగి, మేడం, తొక్కు తెచ్చిండ్రా అన్నాడు. తెచ్చిన, కానీ గవర్నమెంటు తరపున ఇచ్చే రూలు ఉందా సెక్రటరీ అంది ఆమె. ఉపేందర్ నిజంగానే ఆలోచించాడు. ఎదురు సీటులో ఒక ముసలాయన, మీరు పిల్ల తరపా పిల్లగాని తరపా అని ఉపేందర్‌ను అడిగాడు.

హైకోర్టు హాలు చూసి సారలమ్మ నోరు తెరిచింది. అంత ఎత్తు పైకప్పు ఆమె సినిమా హాలులో కూడా చూడలేదు. జడ్జి ఆడమనిషి అని తెలిశాక ధైర్యం వచ్చింది. వాదనలు ఇంగ్లీషులో జరుగుతున్నాయి. ఉపేందర్ చెవిలో కొద్దికొద్దిగా చెప్తున్నాడు. రఘుపతి వకీలు పర్మిట్ గురించి చాలాసేపు చెప్పి, చివరికి, ఇది పంచాయతీ పని కాదు, ఈ సర్పంచ్‌కు మా క్లయింటు మీద వ్యక్తిగతమైన కక్ష ఉంది అన్నాడు. జడ్జి కాగితాలు తిరగేసి, ఇద్దరి ఇంటి నంబరూ ఒకటే ఉంది, వీళ్ళిద్దరికీ సంబంధం ఏమిటని అడిగారు. వకీలు వెనక్కు వంగి రఘుపతిని అడిగాడు. విన్నాక కాసేపు అలాగే వంగి ఉండిపోయాడు.

"ఆమె పిటిషనర్ భార్య అండీ," అన్నాడు లేచి.

వెనక బెంచీల మీద ఎవరో కిసుక్కున నవ్వారు. అది చాలు సారలమ్మకు. కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది, కళ్ళు మూసుకుంది, ఉపేందర్ చెయ్యి గిచ్చింది, ఏదీ పని చెయ్యలేదు. ఆమె నవ్వు ఆ ఎత్తు పైకప్పుకు తగిలి మళ్ళీ కిందికొచ్చింది. జడ్జి ఆమెను ముందుకు పిలిచి, తెలుగులోకి మారి, ఎందుకు నవ్వుతున్నారని అడిగారు. సారలమ్మ కళ్ళు తుడుచుకుని, తప్పైంది మేడం అంది. ఎదుటి పార్టీతో మాట్లాడొద్దని వకీలు సారు చెప్పిండట, అందుకని మా ఆయన రైల్లో తొక్కు కావాల్నంటే సెక్రటరీతోని అడిగిచ్చిండు, అది యాదికొచ్చింది అని చెప్పింది. జడ్జి ఫైలు ఎత్తి మొహానికి అడ్డం పెట్టుకున్నారు. ఫైలు కొంచెంసేపు కదులుతూ ఉంది.

ఫైలు దించాక జడ్జి గొంతు మామూలైంది. "మీకు ఆయన మీద కక్ష ఉందంటున్నారు. ఉందా?"

"ఉంటే ఇంట్లనే చూసుకుందును గద మేడం. ఇంత దూరం ఎందుకొస్తం?" అంది సారలమ్మ. తర్వాత ఆమెకు నవ్వు పోయింది. "గుట్ట మీద ఆయనకు సర్కారు హక్కిచ్చింది. కాదంటలేను. కానీ బండ్లు పొయ్యేది మా వాడల నుంచి. గుంజ పడ్డ జాగల ఒక పిల్ల నిలబడ్డది. అది నా కండ్ల ముందటి నుంచి పోతలేదు."

రఘుపతి తల ఎత్తి భార్య వైపు చూశాడు. గుంజ సంగతి అతనికి తెలుసు. పిల్ల సంగతి తెలియదు. ముందు ఆమె చెప్పలేదు, మాట్లాడుకోవడం మానేశాక అది అతని దాకా వచ్చే దారే లేకపోయింది.

జడ్జి ఉత్తర్వు చెప్పారు. సర్కారు ఇచ్చిన పర్మిట్ పంచాయతీ నోటీసుతో ఆగదు, తవ్వకం ఆపమనడం చెల్లదు. ఊరి లోపలి రోడ్డు మాత్రం పంచాయతీది, దాని మీద బరువు బండ్లు వద్దనే హక్కు పంచాయతీకి ఉంది. కాబట్టి ఇద్దరూ కూర్చుని, అధికారుల సమక్షంలో వేరే దారి చూసుకుని వచ్చే వాయిదాకు చెప్పాలి. ఆఖరున ఆమె రఘుపతిని చూసి, నేరుగా మాట్లాడుకోవడానికి ఈ కోర్టు మీకు అనుమతి ఇస్తోంది అన్నారు.

బయటికి రాగానే రఘుపతి వకీలు అతనితో చెయ్యి కలిపి మనం గెలిచామన్నాడు. పంచాయతీ వకీలు సారలమ్మతో మనం గెలిచామన్నాడు. మెట్ల మీద ఇద్దరూ ఎదురుపడ్డారు.

"నేను గెలిచిన," అన్నాడు రఘుపతి.

"నేను సుత గెలిచిన," అంది సారలమ్మ.

"అయితే ఓడింది ఎవలు?"

ఇద్దరూ ఉపేందర్ వైపు చూశారు. అన్ని నెలల తర్వాత రఘుపతి నోరు విప్పి నవ్వాడు. ఆమె సంగతి చెప్పాల్సిన పని లేదు. కోర్టు పోలీసు వచ్చి కొంచెం పక్కకు జరగమన్నాడు.

రైలుకు ఇంకా టైముంది. ముగ్గురూ నడుచుకుంటూ చార్మినార్ దిక్కు పోయారు. పత్తర్‌గట్టిలో లేసుల దుకాణాలు కనిపించాయి. అంతే, సర్పంచ్ మాయమై టైలర్ మిగిలింది. గోడల నిండా జరీ, ముత్యాలు, అద్దాలు, గోటా. ఆమె ఒక్కో లేసు పట్టుకుని, ఇది మల్లక్క జాకెట్టుకు, ఇది సంధ్యారాణికి అంటూ దుకాణం నుంచి దుకాణానికి దుంకుతోంది. రఘుపతి వెనక చేతులు చాచి నిలబడితే, ఆమె అతని భుజాల మీద లేసులు వేసుకుంటూ పోయింది. ఒక దుకాణదారు అతన్నే లేసులమ్మేవాడనుకుని, భాయ్, ఈ గులాబీ రంగు ఎంతకిస్తావని అడిగాడు. తేరుకునేసరికి రైలు వేళ దగ్గరపడింది. ఆటోలో సికింద్రాబాదు చేరి, ప్లాట్‌ఫారం మీద పరుగెత్తారు. ముందు సారలమ్మ చెప్పులు చేత పట్టుకుని, వెనక రఘుపతి లేసుల మూటతో, మూటలోంచి జారిన ముత్యాల లేసు చివర పట్టుకుని ఉపేందర్. కదిలే రైలు ఎక్కి ముగ్గురూ తలుపు దగ్గరే కూలబడి, ఊపిరి అందక, నవ్వలేక నవ్వారు.

ఇక దారి వెతకడం మిగిలింది. రెవెన్యూవాళ్ళు, గనుల శాఖవాళ్ళు వచ్చి గుట్ట చుట్టూ తిరిగారు. ఒక పక్క బొగ్గు కంపెనీ మట్టిదిబ్బ, ఒక పక్క చెరువు కట్ట. మిగిలింది గుట్ట వెనక బీడుగా పడి ఉన్న ఒక చెలక. దాంట్లోంచి పోతే ఊరితో పని లేకుండా నేరుగా తారు రోడ్డు ఎక్కొచ్చు. చెలక పట్టా ఎవరి పేరు మీద ఉందని సర్వేయర్ అడిగాడు. పోశవ్వ పేరు మీద. ఆమెకు పుట్టింటివాళ్ళు పసుపు కుంకుమ కింద ఇచ్చిన భూమి అది.

ఇంకేముంది, మనింటి సంగతే అనుకున్నారు ఇద్దరూ. పోశవ్వ ఒప్పుకోలేదు. అన్ని నెలలు మీ మాటలు మోసి మోసి నా నోరు నొచ్చింది, ఒక్కనాడన్న నన్ను ఏమన్న అడిగిండ్రా అంది. కొడుకని, కోడలని ఇచ్చేది లేదంది. కావాలంటే పిటిషనర్ పిటిషనర్‌లాగా, సర్పంచ్ సర్పంచ్‌లాగా వచ్చి అడగమంది.

మరునాడు పొద్దున ఇద్దరూ స్నానాలు చేసి, మంచి బట్టలు కట్టుకుని, వెనక తలుపు నుంచి బయటికి పోయి, ముందు తలుపు నుంచి వచ్చారు. పోశవ్వ అరుగు మీద కుర్చీ వేయించుకుని కూర్చుంది. ఉపేందర్‌ను కూడా పిలిపించింది, రాసుకోవడానికి. రఘుపతి, మీ భూమి నుంచి దారి కావాలండి అన్నాడు తల్లితో. ఆ 'అండి' వినగానే సారలమ్మ భుజాలు ఊగడం మొదలైంది. పోశవ్వ మాత్రం నవ్వలేదు. బడి పిల్లలు రోడ్డు దాటే వేళల్లో బండ్లు ఆగాలె అంది. దుమ్ము లేవకుండ దారి పొంటి నీళ్ళు చల్లాలె అంది. ఇంట్ల ఎవలి మాట వాళ్ళే చెప్పుకోవాలె అంది. మూడింటికీ ఇద్దరూ ఒప్పుకున్నారు. ఇంకొకటి ఉందని చెప్పి, ముసలమ్మ కాసేపు తన గోళ్ళు చూసుకుంది.

"మొదటి బండ్ల నేను కూసుంట. ముందట, డ్రైవర్ పక్కపొంటి."

ఆమె భర్త బతికినన్నాళ్ళూ బాయిలో దిగి బొగ్గు తవ్వాడు. కంపెనీ బండ్లు ఇంటి ముందు నుంచి రాత్రింబగళ్ళు పోయేవి. ఒక్కదాంట్లోనైనా ఆమెను ఎవరూ ఎక్కించలేదు. ఆమె అడగనూ లేదు.

చెలకలో దారి చదును చేశారు. వచ్చే వాయిదాకు ఇద్దరు వకీళ్ళూ ఒకే కాగితం మీద సంతకాలు చేసి ఇస్తే కేసు మూసేశారు. మొదటి టిప్పర్ కదిలిన రోజు రఘుపతే స్టీరింగు పట్టాడు. పోశవ్వను నడుమ కూర్చోబెట్టి, తలుపు పక్క సారలమ్మ కూర్చుంది. బండి చెలకలో ఎగిరెగిరి పడుతుంటే ముసలమ్మ డాష్‌బోర్డు రెండు చేతులా పట్టుకుని, ఇంకా జల్ది తోలు అంటోంది. తారు రోడ్డు ఎక్కాక ఆపబోతే ఆపనియ్యలేదు. గోదావరి బ్రిడ్జి దాటి మంచిర్యాల దాకా పోదామంది. రఘుపతి సరే అనబోయాడు. సారలమ్మ చెయ్యి అడ్డం పెట్టింది. "ముందు లోడు దింపు. నీ పర్మిట్‌ల నది దాటుమని లేదు."

పోయి లోడు దింపి, ఖాళీ బండితో బ్రిడ్జి ఎక్కారు. వానలు బాగా పడ్డ ఏడు. నది ఆ గట్టు నుంచి ఈ గట్టు దాకా నిండుగా ఉంది. కిటికీలోంచి గాలి కొట్టి పోశవ్వ కొప్పు ఊడిపోయింది. తెల్లటి వెంట్రుకలు కోడలి మొహం మీద, కొడుకు కళ్ళ మీద పడుతుంటే అతను ఒంటి చేత్తో పక్కకు తోసుకుంటూ తోలుతున్నాడు. నడి బ్రిడ్జి మీద ఉండగా ఉపేందర్ ఫోను చేశాడు. మండలం నుంచి ఇంజినీరు సారు వచ్చి ఆఫీసులో కూర్చున్నాడని, మేడం ఎక్కడున్నారని అడిగాడు. సారలమ్మ జవాబు చెప్పడానికి నోరు తెరిచింది. సరిగ్గా అప్పుడే పోశవ్వ ముందుకు వంగి, ఇదేంది అంటూ స్టీరింగు నడుమ చెయ్యి పెట్టి గట్టిగా నొక్కింది. టిప్పర్ హారన్ గోదావరి పొడుగునా మోగింది. ముసలమ్మ చెయ్యి తీయలేదు.